పాటకు దారి విడిచిన సంగీతం

సంగీత దర్శకుడనగానే మన కన్నుల ముందు మెదిలేవి పెద్ద వాద్యబృందం, పేరున్న గాయకులు, ఇంటింటా మారుమ్రోగే పాటలు. వ్యాపార సరళికి దూరంగా, స్వల్ప వ్యయంతో నిర్మించే చిత్రాలకూ, డాక్యుమెంటరీలకూ సంగీతం కూర్చేవారి వృత్తి ఇందుకు భిన్నమైనది. అక్కడ ధనం తక్కువ, కీర్తి మరింత తక్కువ. కొత్త బాణీ కట్టడం కన్నా, ఉన్న పాటను చెడగొట్టకుండా తెరకెక్కించడమే అక్కడ కష్టమైన విద్య. ఇందుకు మన నల్లగొండ పాటే సాక్ష్యం.

1979లో నిర్మితమై 1980లో విడుదలైన 'మాభూమి' చిత్రానికి వస్తువు తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం. బి. నర్సింగరావు, జి. రవీంద్రనాథ్ నిర్మాతలు. అంతకు మునుపు డాక్యుమెంటరీలు తీసిన బెంగాల్ యువకుడు గౌతం ఘోష్‌కు ఇది తొలి కథాచిత్రం. సంగీతం కూర్చినవారు వింజమూరి సీత, కె. నాగేశ్వరరావు.

సీత గారు దేవులపల్లి కృష్ణశాస్త్రికి మేనకోడలు. అక్క అనసూయతో కలసి జానపద గేయాలను సేకరించి, సభలలోనూ ఆకాశవాణిలోనూ గానం చేసి, వాటికి గౌరవం తెచ్చిన విదుషి. భావకవి ఇంటి ఆడపడుచు పోరాట చిత్రానికి సంగీతం కూర్చడం కొందరికి వింతగా తోచవచ్చు. నాకు మాత్రం తోచదు. పల్లె పదానికి పండిత కావ్యంలో పీట వేయడం మనకు కొత్త కాదు. తుమ్మెద పదాలను, వెన్నెల పదాలను పండితారాధ్య చరిత్రలో పేర్కొని పాల్కురికి సోమనాథుడు ఆ పని ఏనాడో చేశాడు.

చిత్రంలోని 'పల్లెటూరి పిల్లగాడ' సుద్దాల హనుమంతు రచన. ఆయన ఊరు సుద్దాల నాడు నల్లగొండ జిల్లాలోనిది, నేడు యాదాద్రి భువనగిరి జిల్లాలోనిది. పసులగాచే జీతపు పిల్లవాని దైన్యమే ఆ పాట. ఇటువంటి పాటకు వాద్యఘోష జోడించి శ్రోత చేత కంటతడి పెట్టించడం సులభం. ఆ ప్రలోభానికి లొంగితే అది సినిమాపాట అయ్యేది. ఇప్పుడు విన్నా అది ఊరిపాటగానే వినిపిస్తుంది. సంగీతకారుల సంయమనం అంతటిది.

ఇట్టి చిత్రాలు ఏ కొన్నేళ్లకో ఒకటి వస్తాయి. వాటినే నమ్ముకొని సంసారం ఈదడం దుస్సాధ్యం. గడీలోని ఆడబాప బ్రతుకును చూపిన 'దాసి' (1988)కి దర్శకుడైన నర్సింగరావు గారే సంగీతమూ సమకూర్చుకున్నారు.

సంయమనానికి చెల్లించిన మూల్యం మరొకటి ఉంది. 'బండెనక బండి కట్టి' పోరాట కాలంలో నిజాం పాలనను ధిక్కరిస్తూ బండి యాదగిరి కట్టిన పాట. 'మాభూమి'లో దానిని గద్దర్ పాడి, తెరపై కూడా కనిపించారు. ఆ గొంతు అంతటిది కనుక, పాట ఆయన పేరుతోనే లోకమంతా తిరిగింది. ఈ పాట ఎవరిదని తరగతిలో అడిగితే నేటికీ విద్యార్థులు ముక్తకంఠంతో 'గద్దర్' అంటారు. యాదగిరి పేరు చెప్పేవారు అరుదు. సీత, నాగేశ్వరరావుల పేర్లు చెప్పిన విద్యార్థిని నేనింకా చూడలేదు.