పాఠాంతరాలు

అచ్చుయంత్రం రాకపూర్వం మన కావ్యాలు తాళపత్ర ప్రతులుగా వ్యాపించాయి. లేఖకులు ప్రతులు వ్రాసేటప్పుడు ఒకచోట పదం మారేది, మరొకచోట పద్యం చేరేది. ఇట్టి భేదాలను పాఠాంతరాలంటారు. పందొమ్మిదవ శతాబ్దంలో సి.పి. బ్రౌన్ పండితులను నియమించి, ఒకే గ్రంథానికి అనేక ప్రతులను సేకరించి, వాటిని పోల్చి పరిష్కరింపజేశాడు. ప్రతి వ్రాసుకునే వీలుండటంవల్లనే ఆ గ్రంథాలు నిలిచాయి.

నేటి సెల్‌ఫోన్లలోనూ ఇట్టి సంప్రదాయం ఒకటి కనబడుతుంది. ఫోనును నడిపే ప్రధాన సాఫ్ట్‌వేర్‌ను ఆపరేటింగ్ సిస్టం అంటారు. ఆండ్రాయిడ్ ఆపరేటింగ్ సిస్టంలో ప్రధాన భాగపు సోర్స్ కోడ్‌ను, అనగా మూలపాఠాన్ని, గూగుల్ సంస్థ బహిరంగంగా ఉంచింది. దానిని తీసుకొని ఔత్సాహికులు మార్చి రూపొందించిన అనధికార రూపాలే కస్టమ్ రోమ్‌లు.

తొలి ఆండ్రాయిడ్ ఫోను 2008లో వెలువడింది. మరుసటి సంవత్సరమే స్టీవ్ కాండిక్ సయనోజెన్‌మాడ్ అనే రూపాన్ని ప్రారంభించాడు. తన సొంత యాప్‌లను అందులో చేర్చి పంచరాదని గూగుల్ 2009లోనే అభ్యంతరం తెలిపింది. వాటిని తొలగించి పని కొనసాగించారు. 2016 చివర ఆ ప్రయత్నం ఆగిపోయింది. అయినా మూలపాఠం అందరికీ అందుబాటులో ఉన్నందున, ఇతరులు లీనియేజ్ ఓఎస్ పేరుతో దానిని ముందుకు నడిపారు.

భాషకు కూడా ఈ స్వేచ్ఛ మేలు చేస్తుంది. ఆండ్రాయిడ్‌లో తెలుగు లిపికి అధికారికంగా చోటు దక్కింది 2012లో, 4.1 రూపంతో. కంప్యూటర్ల విషయంలో మనవారు ఇతరుల దయకై వేచి ఉండలేదు. స్వేచ్ఛ అనే సంస్థ డెబియన్ లినక్స్ ఆధారంగా తెలుగు ఆపరేటింగ్ సిస్టంను రూపొందించింది.

వరికుంటపాడు వంటి మెట్టప్రాంతపు ఊళ్లో ఒక విద్యార్థి ఫోను కొంటే, ఏళ్ల తరబడి వాడుకోవాలనే కొంటాడు. కొన్నాళ్లకు తయారీదారు కొత్త మార్పులు పంపడం మానుకుంటాడు. యంత్రం చెడకపోయినా భద్రత సన్నగిల్లుతుంది. అట్టి ఫోనుకు కస్టమ్ రోమ్ మరికొంత ఆయుష్షు పోయగలదు. అయితే అందుకు బూట్‌లోడర్ తాళం తీయాలి. అప్పుడు సాధారణంగా ఫోనులోని సమాచారమంతా చెరిగిపోతుంది. వేరొక నమూనాకు చెందిన రూపాన్ని ఎక్కిస్తే ఫోను పూర్తిగా పనిచేయకుండా పోవచ్చు. కొన్ని బ్యాంకు యాప్‌లు నడవవు. అపరిచితులు మార్చిన రూపంలో కీడు దాగి ఉండవచ్చు.

తప్పుల ప్రతిని నమ్మిన పాఠకుడు అర్థాన్ని మాత్రమే కోల్పోతాడు. తప్పుల రోమ్‌ను నమ్మినవాడు ధనాన్నీ కోల్పోగలడు. కనుక మార్చుకునే స్వేచ్ఛను కోరేవారు, ప్రతులను పోల్చి చూసిన ఆ పండితుల ఓర్పును కూడా అలవరచుకోవాలి.