పక్క కుర్చీలో మనిషి: గేమ్ ఓవర్‌లేల మీద నా అనుభవ పాఠాలు

బెజవాడలో నేను నెట్ సెంటర్ తెరిచింది 2003లో. పన్నెండు కంప్యూటర్లు, ఒక యూపీఎస్, గోడకి రెండు ఫ్యాన్లు. పగలంతా పరీక్షా ఫలితాలు చూసుకునేవాళ్లు, ప్రింట్లు తీసుకునేవాళ్లు. సాయంత్రం ఆరు దాటితే కౌంటర్ స్ట్రైక్. ఈ వరుసలో ఐదుగురు, ఆ వరుసలో ఐదుగురు. "ఒరేయ్, బ్రిడ్జి మీద ఇద్దరున్నార్రా!", "బాంబు నా దగ్గరుంది, వెనకాల ఉండు!" అంటూ అరుపులు. ఎవడు భయపడుతున్నాడో, ఎవడికి కోపమొచ్చిందో పక్క కుర్చీవాడికి చెప్పకుండానే తెలిసిపోయేది.

ఆ పిల్లలకిప్పుడు నలభై ఏళ్లు వచ్చాయి. ఒకడు కూకట్‌పల్లిలో, ఒకడు మెల్‌బోర్న్‌లో, ఒకడు డాలస్‌లో. ఇప్పటికీ కలిసి ఆడుకుంటారు, కానీ పక్క కుర్చీ ఖాళీ. ఆ ఖాళీలోకి వచ్చిందే ఓవర్‌లే. ఆట ఆపక్కర్లేకుండా ఆట బొమ్మ మీదే స్నేహితుల జాబితా, చాట్, మాట అన్నీ తెరుచుకుంటాయి. నెట్ సెంటర్ పోయి రిపేరు కొట్టు అయ్యాక నా బల్ల మీదికి వచ్చిన సీపీయూల్లో ఈ ఓవర్‌లే తగాదాలు తక్కువేం కాదు. చూసి నేర్చుకున్నవి రాస్తున్నాను.

1. అది ఎక్కడ కూర్చుంటుందో ముందు తెలుసుకోండి

ఆట సెకనుకి అరవై సార్లో నూట నలభై సార్లో బొమ్మ గీసి, తెర మీద పెట్టమని డైరెక్ట్‌ఎక్స్‌కి అప్పగిస్తుంది. చాలా ఓవర్‌లేలు సరిగ్గా ఆ అప్పగింత దగ్గరే కాపు కాస్తాయి. బొమ్మ అందుకుని, దాని మీద తమ చాట్ కిటికీ గీసి, అప్పుడు ముందుకు పంపిస్తాయి. ఈ పని కోసం తమ ఫైలు ఒకటి ఆట లోపలికి ఎక్కిస్తాయి. ఆటలు అమ్మే స్టీమ్ ఎక్కించే ఫైలు పేరు గేమ్‌ఓవర్‌లేరెండరర్.

ఈ ఒక్క సంగతి మనసులో ఉంటే సగం రోగాలు వాటంతటవే అర్థమవుతాయి. ఎవరో ఇచ్చిన షార్ట్‌కట్‌తో ఆట ఫైలుని నేరుగా తెరిస్తే కొన్ని ఆటల్లో ఓవర్‌లే రాదు. ఎక్కించాల్సిన స్టీమ్‌కి ఆట మొదలైన సంగతే తెలియదు మరి. లైబ్రరీలోంచే తెరవండి. అప్పటికీ రాకపోతే స్టీమ్ సెట్టింగ్స్‌లో ఇన్‌గేమ్ అనే చోట ఓవర్‌లే ఆన్‌లో ఉందో లేదో చూడండి. ఆట పేరు మీద రైట్ క్లిక్ చేస్తే వచ్చే ప్రాపర్టీస్‌లో ఆ ఒక్క ఆటకీ ఇంకో స్విచ్ ఉంటుంది. మొదటిది చూసి రెండోది మరిచిపోయేవాళ్లే ఎక్కువ.

2. ఒక ఆటకి ఒకటే ఓవర్‌లే

ఇది నేను గట్టిగా నమ్మే మాట. ఎలా నమ్మానో చెప్తాను.

తెనాలి నుంచి ఒకబ్బాయి, వాడి బావ బండి మీద క్యాబినెట్‌ని మధ్యలో పెట్టుకుని వచ్చారు. దుప్పటి చుట్టి తెచ్చారు పాపం. "అంకుల్, గ్రాఫిక్స్ కార్డు పోయింది. కొత్తది ఎంతలో వస్తుంది?" అన్నాడు అబ్బాయి. ఆట తెరిస్తే తెర నల్లబడుతోంది, పది సెకన్లాగి డెస్క్‌టాప్ మీదికి వచ్చి పడుతోంది. వాళ్ల నాన్న ముప్పై వేలు సర్ది పంపించాడట.

నేను స్క్రూడ్రైవర్ ముట్టుకోలేదు. గడియారం పక్కనున్న చిన్న బాణం గుర్తు నొక్కి, అక్కడ దాక్కున్న బొమ్మలు ఒక్కొక్కటీ చూశాను. ఆట అమ్మిన కంపెనీ ఓవర్‌లే ఒకటి. మాట్లాడుకునే ప్రోగ్రాముది ఒకటి. గ్రాఫిక్స్ కార్డుతో వచ్చింది ఒకటి. విండోస్‌తో పుట్టిన గేమ్ బార్ ఒకటి. ఇవి చాలక, సెకనుకి ఎన్ని బొమ్మలు పడుతున్నాయో తెర మూల ఎఫ్‌పీఎస్ అంకె చూపించే మీటర్ ఒకటి. ఐదుగురు ఒకే గుమ్మంలో నిలబడి ఒకే బొమ్మ కోసం చేతులు చాస్తున్నారు.

ఐదూ ఆపాను. ఆట తెరుచుకుంది. అబ్బాయి ముఖం చూడాల్సింది! కానీ పని అక్కడితో అయిపోలేదు. ఒకటి తిరిగి పెట్టాను, పది నిమిషాలు ఆడించాను. ఇంకోటి పెట్టాను, మళ్లీ పది నిమిషాలు. నాలుగోదిగా ఆ మీటర్ పెట్టగానే తెర నల్లబడింది. విడిగా దాన్ని ఒక్కదాన్నే పెడితే బాగానే ఉంది, మాట్లాడుకునే ప్రోగ్రాముతో కలిపితేనే గొడవ. మీటర్ తీసేశాం. ముప్పై వేలు వాళ్ల నాన్న దగ్గరికి వెనక్కి వెళ్లాయి.

అన్నీ ఆపండి, ఒక్కొక్కటిగా కలపండి, ఒకేసారి రెండు మార్చకండి. ఏది మార్చారో కాగితం మీద రాసుకోండి. రాసుకోకపోతే అరగంట తర్వాత ఎక్కడున్నారో మీకే తెలియదు.

3. బటన్లు కొట్టుకుంటాయి

కౌంటర్ స్ట్రైక్‌లో షిఫ్ట్ పట్టుకుంటే అడుగుల చప్పుడు లేకుండా నడుస్తాం. ట్యాబ్ నొక్కితే స్కోరు కనపడుతుంది. స్టీమ్ ఓవర్‌లే తెరుచుకునేదేమో షిఫ్ట్, ట్యాబ్ కలిపి నొక్కితే! మెల్లగా నడుస్తూ స్కోరు చూద్దామని వేలు పెట్టగానే తెరంతా చాట్ కిటికీ కమ్మేస్తుంది. అది మూసేలోపు తల ఎగిరిపోతుంది. సెట్టింగ్స్‌లోకి వెళ్లి, ఆట వాడని బటన్లకి మార్చుకోండి. ఎన్‌విడియాది ఆల్ట్, జెడ్. ఏఎండీది ఆల్ట్, ఆర్. గేమ్ బార్‌ది విండోస్ బటన్, జీ. మీ ఆట బటన్లతో ఏది తగులుకుంటుందో మొదటి రోజే చూసుకోవాలి.

4. అడ్మినిస్ట్రేటర్ మోజు వదలండి

ఏ ఇబ్బంది వచ్చినా "రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్" నొక్కమని ఎవరో ఒకరు చెప్తూనే ఉంటారు. విస్టా నాటి నుంచి విండోస్‌లో ఒక కట్టుబాటు ఉంది. తక్కువ హోదాలో నడిచే ప్రోగ్రాము, ఎక్కువ హోదాలో నడిచే ప్రోగ్రామును తాకలేదు. ఆటని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, చాట్ ప్రోగ్రాముని మామూలుగా తెరిస్తే దాని బటన్లు పనిచేయకపోవచ్చు, ఓవర్‌లే కనపడకపోవచ్చు. రెండింటినీ మామూలుగానే తెరవండి. ఆటకి నిజంగా ఆ హోదా కావాలంటే తప్ప ఆ టిక్కు తీసేయండి.

5. ఫుల్ స్క్రీన్‌లో రెండు రకాలు

అసలు ఫుల్ స్క్రీన్‌లో తెర మొత్తం ఆట చేతిలో ఉంటుంది. బోర్డర్‌లెస్‌లో ఆట కూడా ఒక కిటికీయే, కాకపోతే తెరంత పెద్ద కిటికీ. ఓవర్‌లే రాకపోయినా, ఆల్ట్ ట్యాబ్ నొక్కినప్పుడల్లా ఆట తడబడుతున్నా ముందు బోర్డర్‌లెస్‌కి మార్చి చూడండి. ఎక్కువసార్లు అక్కడితో తీరిపోతుంది.

6. కాపలావాడి మీద కోపం తెచ్చుకోకండి

ఆట లోపలికి ఫైలు ఎక్కించి బొమ్మ మీద గీయడం ఓవర్‌లే పద్ధతి అని చెప్పాను కదా. మోసగాళ్లు గోడల వెనకాల మనుషుల్ని చూడటానికి వాడే చీట్లదీ అదే పద్ధతి. అందుకే యాంటీ చీట్ కాపలావాడు ఇద్దరినీ అనుమానంగా చూస్తాడు. 2020 జూలైలో కౌంటర్ స్ట్రైక్‌కి ట్రస్టెడ్ మోడ్ వచ్చింది. సరైన డిజిటల్ సంతకం లేని బయటి ఫైళ్లని ఆట లోపలికి రానివ్వడం మానేసింది. ఆ రోజుల్లో నిన్నటిదాకా పనిచేసిన ప్రోగ్రామ్ ఇవాళ ఆగిపోయిందని నా దగ్గరికి పిల్లలు వరసగా వచ్చారు. కాపలా తీయించే అడ్డదారి అడిగారు. నేను చెప్పలేదు. పదిమందీ నిజాయితీగా ఆడుకోవడం కన్నా మన చాట్ కిటికీ ఎక్కువ కాదు.

2025లో మాట్లాడుకునే ప్రోగ్రాము డిస్కార్డ్ తన ఓవర్‌లేని తిరగరాసింది. ఆట లోపలికి దూరకుండా ఆట మీద విడి కిటికీలా పరుచుకునేలా చేసింది. నా దృష్టిలో ఇదే సరైన దారి.

7. మాట వినపడకపోతే చెవిదగ్గర వెతకండి

"ఓవర్‌లే ఆన్ చేస్తే ఆట శబ్దం పాత రేడియోలా అయిపోతోంది" అని ఒకమ్మాయి హెడ్‌సెట్ పట్టుకొచ్చింది. బ్లూటూత్ హెడ్‌సెట్ అది. సాధారణంగా అలాంటివాటిలో మైకు తెరవగానే పాటలు వినే మోడ్ పోయి ఫోను మాట్లాడే మోడ్ వస్తుంది, శబ్దం పలచబడిపోతుంది. ఓవర్‌లేకి ఏ పాపమూ లేదు. మైకుగా లాప్‌టాప్‌లోని మైకుని ఎంచుకోమన్నాను, చెవులకి మాత్రం ఆ హెడ్‌సెట్టే. అక్కడికక్కడే సరిపోయింది.

ఇంకో మాట. మన ఇళ్లలో కుక్కర్ కూస్తుంది, మిక్సీ తిరుగుతుంది, హాల్లో సీరియల్ నడుస్తుంది. మైకు ఎప్పుడూ తెరిచి ఉంచకండి. పుష్ టు టాక్ పెట్టుకుని, మాట్లాడేటప్పుడే బటన్ నొక్కండి. ఇంట్లో అమ్మానాన్నలు అనుకునే మాటలు ఏ ఊరివాళ్లో వినక్కర్లేదు.

8. అంకె చూస్తూ ఆడకండి

ఎఫ్‌పీఎస్ మీటర్ థర్మామీటర్ లాంటిది. జ్వరం ఉందనిపిస్తే పెట్టుకోవాలి, తర్వాత తీసేయాలి. వాడని ఫిల్టర్లదీ అదే సంగతి. 2024 డిసెంబర్‌లో ఎన్‌విడియా యాప్ ఓవర్‌లేలోని గేమ్ ఫిల్టర్లు ఆన్‌లో ఉంటే కొన్ని ఆటలు నెమ్మదిస్తున్నాయని బయటపడింది. వాడనప్పుడు ఆపేయమని కంపెనీయే చెప్పింది. రంగులు మార్చే ఫిల్టర్ వాడని మనిషికి అది ఆన్‌లో ఎందుకు?

9. మా అమ్మాయి, నేను, ఒక నోట్

మా అమ్మాయి టెక్సాస్‌లో ఉంటుంది. వాళ్లకి శనివారం రాత్రి ఎనిమిదైతే వేసవిలో మాకు ఆదివారం పొద్దున ఆరున్నర. కాఫీ పెట్టుకుని కూర్చుంటాను, ఇద్దరం ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 ఆడతాం. నా నెట్ సెంటర్లో తను స్కూలు డ్రెస్సులోనే కూర్చుని ఆడిన ఆటే, 2019లో కొత్తగా ముస్తాబై వచ్చింది. 2022లో ద్రావిడులు చేరారు. అప్పటి నుంచి తను వేరే సైన్యం తీసుకోలేదు. యుగం మారినప్పుడల్లా వాళ్లకి రెండు వందల కట్టెలు ఊరికే వస్తాయి, తనకదిష్టం.

2023లో స్టీమ్ ఓవర్‌లేలో నోట్స్ వచ్చాయి. మనం రాసుకున్న కాగితాన్ని పలచగా చేసి, ఆట మీదే ఒక మూల పిన్ చేసుకోవచ్చు. తను నా కోసం రాయించిన నోట్ ఇలా ఉంటుంది: "మొదటి ఆరుగురు గొర్రెల దగ్గరికి. తర్వాత నలుగురు కట్టెలకి. తర్వాత పందిని తెచ్చుకో. ఇల్లు మర్చిపోకు నాన్నా." మాట మైకులో వస్తుంటుంది, నోట్ మూలన ఉంటుంది. మధ్యలో తను "అమ్మ లేచిందా?" అంటుంది. ఇంత మాట కోసం ఆట ఆపి ఫోను తీయక్కర్లేదు. ఓవర్‌లే వల్ల నాకు అందిన మేలు ఇదే, అందుకే దాని బాగోగులు ఇంత పట్టించుకుంటాను.

10. చాట్‌లో వచ్చిన ప్రతి లింకూ స్నేహితుడు పంపింది కాదు

"పొరపాటున నీ ఖాతా మీద ఫిర్యాదు పెట్టేశాను, క్షమించు. ఫలానా అధికారితో మాట్లాడకపోతే నీ ఖాతా పోతుంది." ఈ మెసేజ్ తెలిసిన పేరుతోనే వస్తుంది. ఆ స్నేహితుడి ఖాతా అప్పటికే దొంగ చేతిలో పడి ఉంటుంది. ఆట వేడిలో ఉన్నప్పుడు పిల్లలు ఆలోచించకుండా నొక్కేస్తారు, అచ్చం స్టీమ్‌లాగే ఉండే నకిలీ పేజీలో పాస్‌వర్డ్ కొట్టేస్తారు. స్టీమ్ సపోర్ట్ వాళ్లు చాట్‌లో వచ్చి మాట్లాడరు. అలాంటిది కనపడితే ఆ స్నేహితుడికి ఫోన్ చేయండి. ఖాతాకి రెండో తాళం లాంటి స్టీమ్ గార్డ్ ఇవాళే పెట్టుకోండి.

11. ఫోన్ నంబర్లు వేరే రాసుకోండి

మా నెట్ సెంటర్ పిల్లలు అప్పట్లో ఎక్స్‌ఫైర్ వాడేవారు. ఆటలోనే చాట్ చేసుకునే సౌకర్యం వాళ్లకి మొదట ఇచ్చింది అదే. 2015లో అది మూతపడింది. ఒకబ్బాయి కొట్టుకొచ్చి కూలబడ్డాడు. వైజాగ్ కుర్రాడొకడితో మూడేళ్లు రోజూ ఆడాడట. ఆడే పేరు తప్ప అసలు పేరు తెలియదు, నంబరు లేదు.

ఆ సాయంత్రమే గల్లాపెట్టెలోంచి రెండు వందల పేజీల నోటుబుక్కు తీసి, కొట్టుకి వచ్చే పిల్లలందరిచేతా పేరు, ఆటలో పేరు, ఫోన్ నంబరు రాయించాను. ఒక్కొక్కరూ తమతో ఆడేవాళ్ల నంబర్లు కూడా కనుక్కొచ్చి రాశారు. ఆ బుక్కు ఇప్పటికీ అదే గల్లాపెట్టెలో ఉంది. పోయిన సంక్రాంతికి కూర్చుని అన్నిటికీ ఫోన్ చేశాను. పదకొండు నంబర్లు మోగాయి.