బోరు నీళ్లలో ఏముంది? - దాతలకు ఒక చిన్న పాఠం

దాహం తీర్చడం మంచి సదఖా అని మనలో చాలామంది బోర్లు వేయిస్తారు, ట్యాంకులు కట్టిస్తారు. పెద్దమండ్యం లాంటి మెట్ట ప్రాంతంలో దాని విలువ అందరికీ తెలిసిందే. బోరులో నీళ్లు పడగానే ముందు రుచి చూస్తాం. తియ్యగా ఉంటే సంతోషిస్తాం, ఉప్పగా ఉంటే నిరాశపడతాం. కానీ నాలుక చెప్పేది సగమే. మిగతా సగం బడిలో మేము చెప్పే కాల్షియం, భాస్వరం, క్లోరిన్ పాఠంలో ఉంది.

సున్నం కుటుంబం

ఫార్ములా అంటే ఒక పదార్థంలో ఏ మూలకం ఎన్ని పాళ్లు ఉందో చెప్పే చీటీ. ఒక కాల్షియం, ఒక ఆక్సిజన్ కలిస్తే కాల్షియం ఆక్సైడ్, అంటే పొడి సున్నం. దానిమీద నీళ్లు పోస్తే బుసబుసమని వేడెక్కి కాల్షియం హైడ్రాక్సైడ్ అవుతుంది. ఇదే తడి సున్నం. గోడకు పూశాక అది గాలిలోని కార్బన్ డయాక్సైడును పీల్చుకుని కాల్షియం కార్బొనేట్‌గా గట్టిపడుతుంది. వజూ కుళాయిల మీద, టీ గిన్నె అడుగున కట్టే తెల్లని పెచ్చులో ఎక్కువ భాగం ఇదే.

నీటిలో కరిగిన కాల్షియం బైకార్బొనేట్ మరిగిస్తే విడిపోయి పెచ్చుగా అడుగుకు చేరుతుంది. అందుకే దాన్ని తాత్కాలిక కాఠిన్యం అంటాం. కాల్షియం క్లోరైడ్ అలా కాదు. ఒక కాల్షియానికి రెండు క్లోరిన్లున్న ఈ లవణం ఎంత మరిగించినా నీటిలోనే ఉంటుంది. ఇది శాశ్వత కాఠిన్యం. సబ్బు నురగ రాకపోవడానికి ఈ కాఠిన్యమే కారణం.

తడి సున్నం మీదుగా క్లోరిన్ వాయువును పంపితే బ్లీచింగ్ పౌడర్ వస్తుంది. వెయ్యి లీటర్ల నీటికి మంచి పౌడర్ సుమారు 2.5 గ్రాములు కలిపి, గంట ఆగి వాడుకోవాలి. డబ్బా మూత తెరిచి ఉంచితే క్లోరిన్ పోతుంది, మిగిలేది సత్తువ లేని పొడి. ఇంకో మాట: బ్లీచింగ్ క్రిములను చంపుతుందే గానీ నీటిలోని లవణాలను తీసేయదు.

ఎముకకూ ఒక ఫార్ములా

మన శరీరంలోని కాల్షియంలో 99 శాతం, భాస్వరంలో సుమారు 85 శాతం ఎముకల్లో, పళ్లలో ఉంటాయి. అక్కడ పది కాల్షియంలు, ఆరు ఫాస్ఫేట్లు, రెండు హైడ్రాక్సిల్‌లు కలిసి ఒక ఖనిజంగా ఉంటాయి. తాగే నీటిలో ఫ్లోరైడ్ ఎక్కువైతే అది ఆ హైడ్రాక్సిల్ స్థానంలో చేరుతుంది. పళ్లు తయారయ్యే వయసు పిల్లలకు పళ్ల మీద మచ్చలు పడతాయి. ఏళ్ల తరబడి అవే నీళ్లు తాగితే కీళ్లు బిగుసుకుపోతాయి, నడుము వంగిపోతుంది. ఆ తరువాత మందులతో వెనక్కి తేలేం.

ఇది మన తెలుగు నేలకు కొత్త కాదు. నేడు ప్రకాశం ప్రాంతంగా పిలిచే అప్పటి నెల్లూరు జిల్లా పల్లెల్లో ఈ జబ్బును వైద్యులు గుర్తించి 1937లోనే ప్రకటించారు. నల్గొండ కష్టం దేశమంతా ఎరిగినదే.

గమనించాల్సింది ఏమిటంటే, ఫ్లోరైడుకు రుచి లేదు, రంగు లేదు. పైగా నీటిలో కాల్షియం దండిగా ఉంటే అది ఫ్లోరైడును పట్టి కాల్షియం ఫ్లోరైడుగా అడుగుకు దించుతుంది. కాల్షియం తక్కువైతే ఫ్లోరైడ్ నీటిలోనే మిగులుతుంది. కాబట్టి పెచ్చు కట్టని, సబ్బు బాగా నురగ వచ్చే ‘మంచి’ నీళ్లలోనూ ప్రమాదం దాగి ఉండవచ్చు. రాతి నేలలో ఏ బోరు గుణం దానిదే. పక్కవీధి బోరును చూసి ఈ బోరును నమ్మలేం.

దాతలకు మా మనవి

బోరు ఖర్చుతో పాటు నీటి పరీక్ష ఖర్చునూ లెక్కలో చేర్చండి. మోటారు కాసేపు నడిచాక శుభ్రమైన ప్లాస్టిక్ సీసాలో లీటరు నీళ్లు పట్టి గ్రామీణ నీటి సరఫరా శాఖ ప్రయోగశాలకు పంపాలి. భారత ప్రమాణాల ప్రకారం లీటరుకు ఫ్లోరైడ్ 1 మిల్లీగ్రాము, క్లోరైడ్ 250, కాఠిన్యం 200 దాటకూడదు. వేరే నీటి వసతి లేనప్పుడే ఫ్లోరైడ్ 1.5, క్లోరైడ్ 1000, కాఠిన్యం 600 దాకా ఒప్పుకుంటారు.

ఫ్లోరైడ్ ఎక్కువగా తేలితే నీళ్లు మరిగించడం వల్ల లాభం లేదు. ఆవిరైన కొద్దీ అది ఇంకా చిక్కనవుతుంది. ఆ నీళ్లను స్నానానికి, బట్టలకు ఉంచి, తాగడానికి వేరే దారి చూడాలి. సున్నం, పటిక, బ్లీచింగ్ పౌడర్ కలిపి ఫ్లోరైడును పేరబెట్టి తీసే ‘నల్గొండ పద్ధతి’ ఉంది. అయితే ఆ పాళ్లు పరీక్ష ఫలితాన్ని బట్టి తెలిసినవాళ్లే నిర్ణయించాలి, ఇంట్లో ఉజ్జాయింపుగా కలపకూడదు.

ట్యాంకు మీద దాత పేరు రాయించడం మన ఆనవాయితీ. ఆ పేరు కింద పరీక్ష చేసిన తేదీ, ఫ్లోరైడ్ అంకె కూడా రాయిద్దాం. ఏటా ఒకసారి పరీక్ష చేయించి ఆ అంకె మారుద్దాం. మనం ఇచ్చిన నీళ్లు తాగే పిల్లల పళ్లు, ఎముకలు గట్టిగా ఉండాలంటే ఈ కొద్దిపాటి శ్రమ తప్పదు.