జీవ లక్షణాలు – విత్తన జీవశక్తి నిర్ధారణ

సజీవులను నిర్జీవ పదార్థం నుండి వేరుచేసే లక్షణాలుగా కణ నిర్మాణం, జీవక్రియ, పెరుగుదల, ప్రత్యుత్పత్తి, ప్రేరణలకు ప్రతిస్పందన, అనువంశికతలను జీవశాస్త్రం పేర్కొంటుంది. వీటిలో ఏ ఒక్కటీ విడిగా చాలిన కొలమానం కాదు. స్ఫటికం సైతం పరిమాణంలో పెరుగుతుంది. కంచర గాడిద సాధారణంగా సంతానాన్ని కనదు, అయినను అది సజీవియే.

ఈ లక్షణాలను నిశితంగా పరీక్షకు పెట్టేది ఎండు విత్తనం. అది పెరగదు, చలించదు. అయినప్పటికీ దాని పిండ కణాలు సజీవంగానే ఉంటాయి. ఇజ్రాయెల్‌లోని మసాదా కోటలో లభించిన సుమారు 2000 ఏళ్లనాటి ఖర్జూర విత్తనం 2005లో నాటగా మొలకెత్తింది. నిల్వలో తేమ పెరిగితే శ్వాసక్రియ ఉధృతమై, వేడి పుట్టి, జీవశక్తి క్షీణిస్తుంది. హారింగ్టన్ సూత్రం ప్రకారం తేమ 5 నుండి 14 శాతం మధ్య ఉన్నప్పుడు, ప్రతి 1 శాతం తగ్గుదలకు విత్తన ఆయుష్షు సుమారు రెట్టింపవుతుంది.

క్షేత్రస్థాయిలో చిక్కు వేరొకటి. మొలక పరీక్షలో మొలకెత్తని విత్తనం మృతమైనదా, నిద్రావస్థలో ఉన్నదా? కోసిన వెంటనే తదుపరి పంటకు వాడదలచిన వరి విత్తనంలో ఈ ప్రశ్న తరచుగా ఎదురవుతుంది. నిద్రావస్థను మరణంగా భావిస్తే మంచి విత్తనం వృథా అవుతుంది. మరణాన్ని నిద్రావస్థగా భావిస్తే రైతు నారుమడిని, అదనును కోల్పోతాడు.

పెరుగుదల కానరాని చోట జీవక్రియనే సాక్ష్యంగా తీసుకోవాలి. నానబెట్టిన గింజను పిండం కనిపించేటట్లు నిలువుగా కోసి, టెట్రాజోలియం క్లోరైడ్ ద్రావణంలో చీకటిలో ఉంచాలి. సజీవ కణాలలోని డీహైడ్రోజినేజ్ ఎంజైముల చర్య వలన వర్ణరహితమైన ఆ లవణం ఎర్రని ఫార్మజాన్‌గా మారుతుంది. మృత కణజాలం రంగు పొందదు.

ఫలితాలను ఇట్లు అన్వయించవలెను:

1. మొలక శాతం తక్కువగా, ఎర్రబడిన పిండాలు ఎక్కువగా ఉంటే అది నిద్రావస్థ. లీటరు నీటికి గాఢ నత్రికామ్లం, నిద్రావస్థ స్వల్పమైతే 6.3 మి.లీ., అధికమైతే 10 మి.లీ. కలిపి, కిలో వడ్లను 24 గంటలు నానబెట్టి, బాగా కడిగి మండె కట్టాలి.

2. రెండూ తక్కువైతే ఏ శుద్ధీ ఆ విత్తనాన్ని బ్రతికించలేదు. విత్తడానికి సిఫారసు చేయరాదు.

అయితే విత్తనం ద్వారా సంక్రమించే తెగుళ్లను, శిలీంద్రనాశక మందుల వలన కలిగే హానిని ఈ పరీక్ష వెల్లడించదు. కావున వరి ధ్రువీకరణకు కనీసం 80 శాతం మొలక ప్రమాణమే ప్రామాణికం. రంగు పరీక్ష దానికి తోడ్పాటు మాత్రమే.