అర్జీ నకలు భద్రం, బుజ్జమ్మా

మణలి,
20-2-2023



నీ ఉత్తరం అందింది. పిల్లవాడికి పదో తరగతిలో తమిళం బదులు తెలుగు పరీక్ష కోసం పెట్టిన అర్జీకి ఉలుకూ పలుకూ లేదనీ, ఇక హైకోర్టులో రిట్ వేస్తాననీ రాశావు. నీ తెగువకు మురిసిపోయాను. కానీ అర్జీ ఇచ్చినట్టు రుజువేమైనా ఉందో లేదో రాయలేదు. అదే నా దిగులు.

ఈ నెల 6న సుప్రీంకోర్టు తమిళనాడులోని మనలాంటి భాషా మైనారిటీ పిల్లలకు పదో తరగతి తమిళం పేపరు నుంచి మినహాయింపు ఇచ్చింది, సంతోషమే. అయితే అది ఒక్క ఏడాదికే. మనవాడు పదికొచ్చేది వచ్చే ఏడాది. తమిళాన్ని తప్పనిసరి చేసిన 2006 నాటి చట్టం ఒకటో తరగతితో మొదలై, ఏడాదికో మెట్టెక్కి, 2016కి పదో తరగతి పరీక్షను చేరింది. అప్పటి నుంచీ మనవాళ్ళు నుంగంబాక్కంలోని విద్యాశాఖ కార్యాలయం డీపీఐకీ, ప్యారీస్ కార్నర్ దగ్గరి హైకోర్టుకీ తిరుగుతూనే ఉన్నారు.

రాజ్యాంగం 226వ అధికరణం కింద నువ్వు అడగబోయేది ఒక్కటే: నా అర్జీని చూసి, గడువులోగా తేల్చమనండి అని. అలా ఉత్తర్వు వచ్చినంత మాత్రాన మినహాయింపు వచ్చేసినట్టు కాదమ్మా. పరిశీలించమనడం వేరు, మంజూరు చేయమనడం వేరని 2006లో ఆంధ్రప్రదేశ్ ఆర్టీసీ కేసులో సుప్రీంకోర్టు విడమర్చి చెప్పింది. ఉద్యోగం పోయిన 18 ఏళ్ళకు అర్జీ పెట్టిన ఒకాయన కేసులో, పాత గొడవకు కొత్త అర్జీ పెడితే గడువు మళ్ళీ మొదలవదని 2008లో తేల్చింది. అంటే కోర్టు ఉత్తర్వు ఇచ్చినా, చివరికి అర్జీని తేల్చే అధికారి బల్ల మీద ఉండేది నీ కాగితమే. అందులో మినహాయింపూ, తెలుగు టీచరూ, బస్సు పాసూ కలిపి రాశావట. మినహాయింపు ఒక్కటే ఉంచు. పిల్లవాడు ఒకటి నుంచి తెలుగు చదివినట్టు స్కూలు సర్టిఫికెట్ జతచెయ్యి. కాదంటే కారణాలు రాతపూర్వకంగా ఇవ్వమని చివర అడుగు.

 

ఇక రుజువు మాట. మీ తాతగారు పింఛను కోసం అర్జీ పెట్టి ఆఫీసు చుట్టూ తిరిగిన సంగతి నీకు తెలిసిందే. నేనప్పుడు రిఫైనరీ గేటు దగ్గర కాంట్రాక్టరు కింద పనిచేస్తూ, సెలవు దొరికినప్పుడల్లా ఆయన వెంట వెళ్ళేవాణ్ణి.  ఆఫీసులో గుమాస్తా అలాంటి అర్జీయే రాలేదన్నాడు. తాతగారు మాట్లాడకుండా సంచిలోంచి నకలు తీసి బల్ల మీద పరిచారు. ఊదా రంగు ఇన్‌వార్డ్ ముద్ర, నంబరు, తేదీ, పక్కన అదే గుమాస్తా పొట్టి సంతకం. అతను లేచి బీరువా తెరిచాడు.

కాబట్టి ముద్ర లేని నకలు నకలే కాదు. చేత్తో ఇస్తే ముద్ర వేయించుకో. పోస్టులో పంపితే పోస్టాఫీసు రసీదూ, అందినట్టు రుజువూ అర్జీ నకలుకే కుట్టిపెట్టు. ఫోటో తీసి ఫోనులో పెట్టుకో, అల్లుడుగారి ఫోనులోనూ పెట్టించు. ఇంకో జెరాక్సు నాకు పంపు. ముద్ర లేకపోతే రేపే కొత్త అర్జీ ఇచ్చి వేయించుకో. పరీక్షకింకా ఏడాది ఉంది. ఎప్పుడిచ్చావు, ఎవరికిచ్చావు అన్నవే కోర్టులో మొదట అడిగేవి.

పిల్లవాడి ముందు ఆఫీసువాళ్ళను తిట్టకు. తెలుగు కోసం వాళ్ళమ్మ ఎంత ఓపిగ్గా నిలబడిందో చూసి పెరగనీ. వకీలు దగ్గరికి వెళ్ళేముందు ఆ నకలు నాకు చూపించు. ఖర్చు సంగతి నేను చూసుకుంటాను, మొహమాటపడకు.

ఇట్లు,
మీ పెదనాన్న