తీగ పైర్లలో పిందె రాలుట – తేనెటీగల పని

పుచ్చ, దోస, గుమ్మడి మున్నగు తీగ పైర్లు వేయు రైతులు పూత దశలో తరచుగా చెప్పు మాట ఒకటి కలదు: "తీగ ఏపుగా నున్నది, పూత విరగబూచినది, పిందె మాత్రము నిలువకున్నది." వెంటనే అంగడికి పోయి ఏదో ఒక పురుగుమందు తెచ్చి మరునాటి ఉదయమే చల్లుదురు. పిందె ఇంకను రాలును. మరల చల్లుదురు. ఇట్టి సందర్భములలో అనేకము పురుగు వలన గాక, పరాగము అందకపోవుట వలన కలుగుచున్నవి.

వరి తన పూవులోని పుప్పొడితోనే గింజ కట్టును. మొక్కజొన్నకు గాలి చాలును. తీగ పైర్ల సంగతి వేరు. వీనిలో మగపూలు, ఆడపూలు వేరువేరుగా నుండును. ఆడపూవు రేకుల క్రింద చిన్న పిందె ఆకారము మొదటినుండియే కనబడును. మగపూవునకు ఉత్త కాడ మాత్రమే. పుప్పొడి బరువుగాను, జిగటగాను ఉండుటచే గాలికి ఎగురదు. దానిని మోసికొనిపోవు వానిలో తేనెటీగలు ముఖ్యమైనవి. ఒక ప్రయాణములో తేనెటీగ సాధారణముగా ఒకే జాతి పూలపై తిరుగును గాన, పుచ్చ పుప్పొడి పుచ్చ పూవునకే చేరును.

పుచ్చ ఆడపూవు ఒక్కరోజు మాత్రమే విచ్చియుండును. దాని కీలాగ్రము మూడు భాగములుగా నుండును. ఈ మూడింటికిని సమముగా, మొత్తము సుమారు 1,000 పుప్పొడి రేణువులు అందినగాని కాయ చక్కగా రూపుకట్టదు. ఈగ ఒక్కసారి వ్రాలిన చాలదు, ఎనిమిదిసార్లయినను రావలెను. తక్కువైనచో పిందె పసుపుబారి రాలును, లేదా ఒకప్రక్క ఊది ఒకప్రక్క నొక్కుకొనిపోయి వంకరకాయ యగును. అట్టి కాయను సంతలో అడుగువారుండరు.

కావున మందు కొనుటకు ముందు, రాలిన పిందెలు పదింటిని ఏరి కత్తితో నిలువుగా కోసి చూడవలెను. లోపల తెల్లని పురుగులున్నచో అది పండుఈగ పని. పురుగు లేక, కుళ్లు లేక, ముడుచుకొని పసుపుబారియున్నచో పరాగలోపమని అనుమానించవచ్చును. తొలివిడత పూలు రాలుట చూచి బెదరనక్కరలేదు. అవి చాలవరకు మగపూలే.

అనుమానము తీర్చుకొనుట సులభము. మరునాడు విచ్చనున్న ఆడమొగ్గలు పదింటికి సాయంకాలమే గుర్తుదారము కట్టవలెను. ఉదయము అవి విచ్చగానే, అప్పుడే విచ్చిన మగపూవును కోసి, రేకులు తీసివేసి, పుప్పొడిని కీలాగ్రము నలువైపులకు మెల్లగా అద్దవలెను. నాలుగైదు దినములలో ఈ పిందెలు నిలిచి తక్కినవి రాలినచో కొరత ఈగలదే. గ్రామ సహాయకులు దీనిని ఒక చేనిలో రైతుల ఎదుట చేసి చూపవలెను. దీనికగు ఖర్చు దారపుండ మాత్రమే.

ఇక మందు సంగతి. గుమ్మడి పూవు తెల్లవారుజామున విచ్చి మధ్యాహ్నమునకే ముడుచుకొనును. పుచ్చ, దోస పూలును ఉదయమే విచ్చును. మనము స్ప్రేయరు భుజమునకు తగిలించుకొను వేళయు సరిగా అదియే! ఈ పైర్లకు మందు తప్పనిసరియైనచో ప్రొద్దుక్రుంకు వేళ చల్లవలెను. బీర, సొర పూలు సాయంకాలము విచ్చును గాన వానికి ఈ నియమము పనికిరాదు. ఉదయము ప్రొద్దెక్కి పూలు వాడిన పిదప చల్లుట నయము. ఇమిడాక్లోప్రిడ్, థయోమిథాక్సామ్ మందుల విషయములో వేళ మార్చినను చాలదు. ఇవి మొక్క రసములో కలిసి పుప్పొడిలోనికిని, మకరందములోనికిని చేరును. యూరోపియన్ యూనియన్ 2018లో వీనిని ఆరుబయటి పైర్లపై నిషేధించినది. పూతలో నున్న తీగలపై వీనిని వాడనేరాదని నా అభిప్రాయము.

పుచ్చపై గుడ్డకవరు కప్పినవారు ఆడపూలు కనబడగానే దానిని తొలగించవలెను. ఈగ చొరని చోట కాయ యుండదు. గట్టుమీది వేప, కానుగ చెట్లు నిలుపుకొనవలెను. పైరులో పూత లేని కాలమున ఈగలకు అవియే ఆధారము. చెట్టుపట్టును దివిటీతో కాల్చి తేనె తీయువారిని చేనిగట్టుకు రానీయరాదు. పిల్లలున్న భాగము వదలి తేనెభాగము మాత్రమే కోసినచో పట్టు బ్రతుకును.

సమీపమున పట్టులు లేనిచో ఎకరాకు రెండు తేనెటీగల పెట్టెలు ఉంచవచ్చును. పూత మొదలైన పిదపనే తేవలెను. ముందుగా తెచ్చినచో ఈగలు ఇతర పూలకు అలవాటుపడును. పెట్టెలకు నీడయు, దగ్గరలో నీరును ఉండవలెను. చీమలు ఎక్కకుండ కాళ్లక్రింద నీటి గిన్నెలు పెట్టవలెను. పూత ముగిసిన తరువాత ఈగలన్నియు లోనికి చేరిన రాత్రివేళ, వాకిలి మూసి, గాలి ఆడునట్లు చూచుకొని పెట్టెలను తరలించవలెను.