లిస్ప్‌లో కోడ్ ముక్కను కామెంట్ చేయడం ఎలా?

లిస్ప్‌లో కొంత కోడ్‌ను తాత్కాలికంగా ఆపాలంటే లైన్లు చూసుకుంటే చాలదు, బ్రాకెట్లు చూసుకోవాలి. 1958లో జాన్ మెకార్తీ మొదలుపెట్టిన ఈ భాషలో, తెరిచిన బ్రాకెట్ నుంచి దాన్ని మూసే బ్రాకెట్ దాకా ఒక ముక్క. ఆ ముక్క పూర్తిగా కామెంట్లోకి వెళ్లాలి. పక్కదాని బ్రాకెట్ ఒక్కటి కూడా వెళ్లకూడదు. ఈమాక్స్ ఎడిటర్‌లో ఆ పని ఇలా చేస్తారు.

ఈ కోడ్ చూడండి:

(మొత్తం
  (కూలీ 650)
  (రవాణా 120))

రవాణా లేకుండా లెక్క ఎంతొస్తుందో చూడాలి. చివరి లైన్ ముందు ;; పెట్టేస్తే సరిపోతుందనిపిస్తుంది. కానీ సెమికోలన్ నుంచి లైన్ చివరి దాకా అంతా కామెంటే. చివరి రెండు బ్రాకెట్లూ అందులోకి పోతాయి. వాటిలో ఒకటే రవాణాది, రెండోది ‘మొత్తం’ది. అది మూతపడకపోతే కింద రాసిన ఫంక్షన్లన్నీ దాని కడుపులోకే వెళ్తాయి. ఎర్రర్ ఫైల్ చివర వస్తుంది, తప్పేమో ఎక్కడో పైన ఉంటుంది.

అందుకే ముందు కర్సర్‌ను ఆఖరి బ్రాకెట్ దగ్గర పెట్టి, ఎంటర్ కొట్టి దాన్ని కింది లైన్‌కి దించండి. ఒంటరి బ్రాకెట్ కనిపిస్తే లిస్ప్ రాసేవాళ్లకు ఒళ్లు మండుతుంది, కాసేపు ఓర్చుకోవాలి. తర్వాత కర్సర్‌ను రవాణా ముందున్న బ్రాకెట్ మీదికి తెచ్చి కంట్రోల్, ఆల్ట్, స్పేస్ కలిపి నొక్కండి. ముక్క అంతా సెలెక్ట్ అవుతుంది; మళ్లీ నొక్కితే దాని తర్వాతి ముక్క కూడా చేరుతుంది. ఇప్పుడు ఆల్ట్ పట్టుకుని సెమికోలన్:

(మొత్తం
  (కూలీ 650)
  ;; (రవాణా 120)
  )

కామెంట్ తీసేయాలన్నా అవే లైన్లు సెలెక్ట్ చేసి అదే కీ నొక్కడమే. రెండు సెమికోలన్లు పడటం ఆనవాయితీ: లైన్ పక్కన రాసే చిన్న మాటకు ఒకటి, కోడ్‌తో సమానంగా జరిపి రాసేదానికి రెండు.

పెద్ద భాగమైతే కామన్ లిస్ప్‌లో #| తో మొదలుపెట్టి |# తో ముగించవచ్చు. ఒకదానిలో ఒకటి పెట్టినా ఫర్వాలేదు. అయితే లోపల ఏదైనా స్ట్రింగ్‌లో |# ఉంటే కామెంట్ అక్కడే తెగిపోతుంది. ఈమాక్స్ సొంత లిస్ప్‌లో ఈ సదుపాయమే లేదు. ఆటోక్యాడ్ వాళ్ల ఆటోలిస్ప్‌లో ఇదే పనికి ;| |; వాడతారు.

నాకు అన్నిటికన్నా నచ్చేది స్కీమ్‌లోని #; గుర్తు. ముక్క ముందు అది పెడితే చాలు, ఆ ఒక్క ముక్కే మాయమవుతుంది. బ్రాకెట్లు కదపక్కర్లేదు. క్లోజర్‌లో దాని జోడీ #_ . రెండింటికీ షరతు ఒకటే: లోపలి కోడ్ బ్రాకెట్లు సరిపోయి, చదవదగ్గదిగా ఉండాలి. సగం రాసి వదిలేసిన కోడ్‌కు సెమికోలన్లే గతి.

ఏ దారిలో వెళ్లినా సేవ్ చేసే ముందు ఆల్ట్, ఎక్స్ నొక్కి చెక్-పేరెన్స్ ఆదేశం ఇవ్వండి. అంతా సరిగ్గా ఉంటే ఈమాక్స్ ఏమీ అనదు. లేకపోతే కర్సర్‌ను తీసుకెళ్లి జోడీ లేని బ్రాకెట్ దగ్గర నిలబెడుతుంది.